అభినవాంధ్ర భోజుడు ఆనంద గజపతి

అనంతపురమునకు అనతి దూరమున బుక్కరాయసముద్రము కలదు. వానను నమ్మరాని ఈ మెట్టసీమలో ఒక ప్రభువు పేరు ఆరు శతాబ్దులకు పైగా జనుల నాలుకలపై నిలుచుటకు కారణము ఒక చెరువు. మొదటి బుక్కరాయల కాలమున ఆయన మంత్రి చిక్కప్ప ఒడయరు పండమేటికి అడ్డుకట్ట వేయించి ఈ జలాశయమును నిర్మించెనని స్థానిక చరిత్ర చెప్పుచున్నది. కట్టకు ఒక కొన వెలసిన ఊరు రాజు పేర బుక్కరాయసముద్రమయ్యెను. రెండవ కొన వెలసిన అనంతసాగరము అనంతపురమునకు మూలమయ్యెను. రాజు పోయెను, రాజ్యము పోయెను, హంపీ శిథిలమయ్యెను. నీరు నిలిచిన చోట పేరు నిలిచెను.

కాని ప్రభువుల పేళ్లన్నియు చెరువు గట్లమీదనే నిలువవు. తెలుగుదేశపు ఈశాన్యపు కొనను 19వ శతాబ్దిలో జీవించిన ఒక ప్రభువు పేరు పుస్తకముల మొదటి పుటలలో నిలిచియున్నది. ఆక్స్‌ఫర్డులో అచ్చయిన ఋగ్వేదము మొదటి పుటలో ఆ పేరున్నది. విజయనగరములో పుట్టిన కన్యాశుల్కము అంకితపుటలో ఆ పేరున్నది. ఆయన విజయనగర సంస్థానాధీశ్వరుడు పూసపాటి ఆనంద గజపతి రాజు. అభినవాంధ్ర భోజుడని విద్వాంసులు ఆయనను కొనియాడిరి. భోజుడన్న బిరుదము పలువురు జమీందారులకు లభించినదే. ఆయన విశేషము దానిలో లేదు. కత్తి పోయి, రాజ్యాధికారము పోయి, బిరుదములును భూమి శిస్తును మాత్రమే మిగిలిన కాలమున ఒక ప్రభువు చేయదగిన పని యేమి అన్న ప్రశ్నకు ఆయన జీవితము ఒక సమాధానము. ఆ సమాధానములో జయమును కలదు, అపజయమును కలదు.

సీమకును సర్కారులకును గల భేదము

రాయలసీమ విద్యార్థికి ఈ జీవితము చక్కగా బోధపడవలెనన్నచో ముందుగా ఒక భేదమును గమనింపవలెను. 1800లో నిజాము ఈ సీమను ఈస్టిండియా కుంఫిణీకి దత్తము చేసెను. ప్రధాన కలెక్టరుగా వచ్చిన థామస్ మన్రో 1807లో వెడలిపోవులోపల సుమారు 80 మంది పాలెగాండ్ర బలమును అణచెను. కొందరికి భరణములిచ్చి కూర్చుండబెట్టెను. అనంతపురము నేలిన హండె నాయకులును అట్లే అధికారమును కోల్పోయిరి. రైతు నేరుగా ప్రభుత్వమునకే శిస్తు చెల్లించు రైతువారీ పద్ధతి ఇచట నెలకొన్నది. అందుచేత ఈ సీమలో పెద్ద జమీందారీలు మిగులలేదు.

ఉత్తర సర్కారులలో జరిగినది వేరు. అచట 1802లో కుంఫిణీవారు శాశ్వత శిస్తు నిర్ణయమును అమలుపరచిరి. జమీందారు ఏటేట నిర్ణీతమైన పేష్కషును ప్రభుత్వమునకు కట్టవలెను. రైతులనుండి వసూలైన దానిలో మిగిలినది ఆయనదే. విజయనగర సంస్థానపు పేష్కషు ఐదు లక్షల రూపాయలుగా నిర్ణయింపబడినది. విశాఖపట్టణము జిల్లాలో అంతటి జమీందారీ మరియొకటి లేదు. ఆ మిగులు ధనమే ఆనంద గజపతి ఔదార్యమునకు ఆధారము. దానిని పండించినవాడు రైతు. ఈ సంగతి మరచిపోయి భోజరాజు కథ చెప్పుట న్యాయము కాదు.

మూడు తరముల మార్గము

పూసపాటివారు యుద్ధవీరుల వంశము. 1713లో విజయనగరము కోట వెలసినది. 1757 జనవరి 24వ తేదీన జరిగిన బొబ్బిలి యుద్ధమును ఎరుగని తెలుగువాడుండడు. ఫ్రెంచి సేనాని బుస్సీ అండతో బొబ్బిలిని నేలమట్టము గావించిన పెద విజయరామరాజు, తాండ్ర పాపారాయుని చేతిలో తన డేరాలోనే హతుడయ్యెను. తెలుగువారు ఆ కథను బొబ్బిలి పక్షమున పాడుకొనిరేగాని విజయనగరము పక్షమున పాడలేదు. గెలిచిన వంశమునకు కథలో ఓటమి దక్కినది.

తరువాత ముప్పదియేడేండ్లకు ఆ వంశమునకే బొబ్బిలివంటి గతి పట్టినది. బకాయిలు చెల్లింపుమనియు, కోట విడిచి పొమ్మనియు కుంఫిణీవారు చిన విజయరామరాజును ఒత్తిడిచేసిరి. ఆయన లొంగలేదు. 1794 జూలై 10వ తేదీన పద్మనాభము వద్ద జరిగిన పోరులో తన ఆప్తులతోకూడ నేలకొరిగెను. ఆనాటితో విజయనగరపు కత్తి ఒరలో చేరినది. ఆయన కుమారుడు నారాయణ గజపతికి 1796లో జమీందారీ తిరిగి లభించినది గాని, అది రాజ్యముగా లభింపలేదు. పేష్కషు కట్టు ఎస్టేటుగా లభించినది. నారాయణ గజపతి అప్పులతో సతమతమై, కాశీవాసము చేసి, 1845లో అక్కడనే దేహము చాలించెను.

నారాయణ గజపతి కుమారుడు మూడవ విజయరామ గజపతి ఎస్టేటును చక్కదిద్దెను. ఆయన చూపు విద్యవైపు మరలినది. 1857లో విజయనగరములో ఆయన స్థాపించిన పాఠశాల 1879లో కళాశాలగా పెరిగినది. సంస్కృత పాఠశాలను నెలకొల్పెను. బాలికల చదువునకు ధనమిచ్చెను. రాజప్రతినిధి శాసనసభలో సభ్యుడుగా కూర్చుండెను. ఒక తరము కత్తి పట్టినది, మరియొక తరము కాశి పట్టినది, మూడవ తరము బడి పట్టినది. నాలుగవ తరమున వచ్చినవాడు ఆనంద గజపతి.

బాల్యము, పట్టాభిషేకము

ఆనంద గజపతి 1850 డిసెంబరు 31న జన్మించెను. సంస్కృతాంధ్రములతోపాటు ఆంగ్లమును క్షుణ్ణముగా అభ్యసించిన తొలితరము తెలుగు ప్రభువులలో ఆయన యొకడు. సంగీతమునందు మక్కువ ఎక్కువ. తండ్రి మరణానంతరము 1879లో సంస్థానాధిపత్యము వహించెను. 1881లో ప్రభుత్వము ఆయనకు మహారాజ బిరుదమును స్వీయగౌరవముగా ఒసగినది. 1887లో సర్ బిరుదము లభించినది.

ఆయన కాలమున విజయనగరము చిన్న పట్టణమే అయినను పండితులకు పెద్ద ఊరు. ముడుంబ నరసింహాచార్యులు, పేరి కాశీనాథశాస్త్రి వంటి సంస్కృత విద్వాంసులు అక్కడ వెలసిరి. వీణ వేంకటరమణదాసు వీణానాదముతో ఆ సభ మారుమ్రోగినది. హరికథకు నూతన రూపమిచ్చిన ఆదిభట్ల నారాయణదాసు ఆ ప్రభువు ఆదరమునకు పాత్రుడయ్యెను. ఒకవంక ఈ ప్రాచీన విద్య, మరియొకవంక మహారాజా కళాశాలలోని ఆంగ్లవిద్య. ప్రధానాచార్యుడు చంద్రశేఖరశాస్త్రి పెంపున అక్కడ ఇరువురు సహాధ్యాయులు చదువుకొనిరి. ఒకరు గురజాడ అప్పారావు, రెండవవారు గిడుగు రామమూర్తి. తరువాతి కాలమున తెలుగు భాష నడకనే మార్చిన ఈ ఇరువురును తర్కవ్యాకరణములు చదివిన పండితులకు ఇరుగుపొరుగున పెరిగినవారని మరువరాదు. పాతదానిని త్రోసివేయకుండ క్రొత్తదానికి చోటిచ్చుట ఆ పట్టణపు స్వభావము. ఆ స్వభావమును కాపాడినవాడు దాని ప్రభువు.

వేదమునకు పోషకుడు

మాక్సుమూలరు సాయణభాష్యసహితముగా ఋగ్వేదమును ప్రకటింప బూనినది 1849లో. ఆ మహత్కార్యము ఆరు సంపుటములుగా ముగియుటకు ఇరువదియైదేండ్లు పట్టినది. తొలిముద్రణకు కుంఫిణీ ప్రభుత్వము సాయపడినది. కొంత కాలమునకు ఆ ప్రతులు దొరకుట దుర్లభమయ్యెను. సవరించిన రెండవ ముద్రణకు వ్యయము భరించువాడు కావలసివచ్చినది. అపుడు ఆ భారమును తలదాల్చినవాడు ఆనంద గజపతి. 1890 నుండి 1892 వరకు నాలుగు సంపుటములుగా ఆ గ్రంథము వెలువడినది. వాని ముఖపత్రముపై పోషకుడుగా విజయనగర మహారాజు పేరు ముద్రింపబడినది.

దీనిలో ఒక విచిత్రమును విద్యార్థులు గుర్తింపదగును. ఆ వేదమునకు భాష్యము వ్రాసిన సాయణాచార్యుడు తుంగభద్రాతీరమందలి విజయనగర ప్రభువుల ఆశ్రయమున, ఆ బుక్కరాయల కాలముననే, వేదభాష్య రచన సాగించినవాడు. ఐదు శతాబ్దుల తరువాత ఆ భాష్యము అచ్చగుటకు ధనమిచ్చినవాడు విజయనగరము పేరు గలిగిన మరియొక ఊరి ప్రభువు. ఈ రెండు విజయనగరములకు నడుమ వంశసంబంధము లేదు. కాని తుంగభద్రాతీరమున మొదలైన పనికి తిరిగి ఊపిరిపోసినవాడు చంపావతీ ప్రాంతపు ప్రభువగుట తెలుగువారికి ముచ్చట గొలుపును.

కాశీ నగరముతో ఆ కుటుంబమునకు గల సంబంధమును ఆయన విడువలేదు. అక్కడ ఆర్థరు వెనిస్ సంపాదకత్వమున 1890 నుండి విజయనగర సంస్కృత గ్రంథమాల వెలువడజొచ్చెను. పద్మపాదుని పంచపాదిక, జయంతభట్టు న్యాయమంజరి, వరాహమిహిరుని బృహత్సంహిత వంటి గ్రంథములు ఆ మాలలో అచ్చయినవి. తాళపత్రములపై నశించుచున్న శాస్త్రములు గ్రంథాలయములకు చేరినవి. రాజసభలో శాలువ కప్పించుకొన్న పండితుడు ఒకడు. అచ్చయిన గ్రంథమును చదువుకొన్న విద్యార్థులు వేలమంది. దానమునందలి ఈ తారతమ్యమును ఆనంద గజపతి గ్రహించెను. పాత భోజుడు పద్యమునకు అక్షరలక్షలిచ్చెనని కథలు చెప్పును. ఈ భోజుడు అచ్చుకూలికి ఇచ్చెను.

చెన్నపట్టణములో ఒక భవనము

చెన్నపట్టణమున పార్కుటౌనులో విక్టోరియా పబ్లిక్ హాలు అను ఎర్రని భవనము కలదు. 1883 డిసెంబరులో దానికి శంకుస్థాపన చేసినవాడు ఆనంద గజపతి. సభలకును, ఉపన్యాసములకును, నాటకములకును నగర ప్రజలకు ఒక వేదిక ఏర్పడినది.

ఈ భవనముతో రాయలసీమకు చక్కని సంబంధము కలదు. ధర్మవరపు వంశమున జనించి బళ్ళారిలో వకీలుగా నున్న కృష్ణమాచార్యులు 1886లో అచట సరసవినోదినీ సభను స్థాపించెను. చిత్రనళీయము మొదలగు నాటకములను వ్రాసి, ఆడి, ఆంధ్రనాటక పితామహుడని ఖ్యాతి గాంచెను. 1891లో ఆయన తన బృందముతో చెన్నపట్టణమునకు పోయి విక్టోరియా పబ్లిక్ హాలులో తెలుగు నాటకముల నాడెను. వానిని చూచి ముగ్ధుడైన పమ్మల్ సంబంధ మొదలియారు అను యువకుడు ఆ యేడే సుగుణ విలాస సభను నెలకొల్పి, ఆధునిక తమిళ నాటకరంగమునకు తండ్రియయ్యెను. ఈశాన్యపు తెలుగు ప్రభువు శంకువు నాటిన చోట నైఋతిదిక్కు తెలుగు నటుడు ఆడగా, తమిళ నాటకము మేలుకొన్నది. ఆ తరువాతి సంవత్సరమే ఆనంద గజపతి సొంత పట్టణములో తెలుగు నాటక చరిత్రను మలుపు త్రిప్పిన ప్రదర్శనము జరిగినది. దాని వెనుక నున్నది ఒక దురాచారము, ఒక జాబితా, ఒక బిల్లు.

కన్యల వెల

ఆ దురాచారము కన్యాశుల్కము. వరుని పక్షమున ధనము పుచ్చుకొని కన్యనిచ్చుట దాని స్వరూపము. పసిపిల్లను ముసలివానికి కట్టబెట్టుట దాని ఫలము. కొన్నియేండ్లకే భర్త పోగా, ఆ బాలిక జీవితాంతము వితంతువు. పునర్వివాహము లేదు, శిరోముండనము, ఒంటిపూట భోజనము, ఇంటి చాకిరి మిగులును. ఈ కష్టమును తొలగింప కందుకూరి వీరేశలింగము పంతులు కలము పట్టియుండెను. 1881 డిసెంబరు 11న రాజమహేంద్రవరమున ఆయన తొలి వితంతు వివాహమును జరిపించెను. ఆయన తెగిన కొమ్మలకు కట్టు కట్టుచుండగా, వేరునకు తగులు చీడను గూర్చి విజయనగరములో ఆలోచన మొదలయ్యెను.

ఆనంద గజపతి మొదట చేసినపని ఉపన్యాసమిచ్చుట కాదు, లెక్క తీయించుట. విశాఖపట్టణము జిల్లాలో సామాన్య బ్రాహ్మణ కుటుంబములలో మూడేండ్లలో జరిగిన శుల్క వివాహముల జాబితాను ఆయన తయారు చేయించెను. ఆ లెక్క 1034కు చేరినది. ఏటికి సగటున 344. పెండ్లికూతుండ్రలో 99 మంది ఐదేండ్ల పిల్లలు. 44 మందికి నాలుగేండ్లు, 36 మందికి మూడేండ్లు, 6 మందికి రెండేండ్లు. ముగ్గురికి ఒక్కయేడే. ఆ ఏడాది బిడ్డల వెల మూడువందల ఏబది మొదలు నాలుగువందల రూపాయల వరకు పలికినది.

ఈ అంకెలను కూడిచూడవలెను. ఐదేండ్లును అంతకు లోబడిన వయస్సును గల వధువులు 188 మంది. అనగా ప్రతి ఐదుగురు వధువులలో ఇంచుమించు ఒకతె నేటి బడిలో ఒకటవ తరగతికి కూడ చాలని పసిపిల్ల. ఆచారమని అందరును తలయూచిన దానిని అంకెలు వ్యాపారమని చూపినవి. ఆచారమును గూర్చి వాదింపవచ్చును. ఏడాది బిడ్డకు కట్టిన వెలను గూర్చి వాదించుట కష్టము. సంస్కరణోద్యమములో ఆవేశమునకు కొదువలేని ఆ దినములలో లెక్క తీయించుట అరుదైన పని. శిస్తు లెక్కలకు అలవాటుపడిన సంస్థానపు వ్రాతపద్ధతి ఈసారి బాలికల కన్నీటిని లెక్కగట్టినది.

సభలో బిల్లు

ఆనంద గజపతి ఆనాడు మద్రాసు శాసనసభలో సభ్యుడు. 1888లో ఆయన కన్యాశుల్కమును నివారించుటకై సభలో ఒక బిల్లు ప్రతిపాదించెను. ఆ సభ నేటి శాసనసభ వంటిది కాదు. 1861 నాటి చట్టము ననుసరించి గవర్నరు, ఆయన కార్యాలోచన సభ్యులు, అడ్వకేటు జనరలు, వారికి తోడు ప్రభుత్వము నియమించిన నలుగురు మొదలు ఎనమండుగురు సభ్యులు మాత్రమే అందు కూర్చుందురు. ఎన్నికలు లేవు. ప్రభుత్వమును ప్రశ్నించు అధికారము లేదు. ఆదాయవ్యయములను చర్చించు హక్కు 1892 వరకు లేదు. మతమునకును మతాచారములకును సంబంధించిన ప్రతిపాదనను రాష్ట్రసభలో తేవలెనన్నచో ముందుగా గవర్నరు జనరలు అనుమతి కావలెను. 1857 తిరుగుబాటు తరువాత దేశీయుల మతవిషయములలో జోక్యము చేసికొనమని రాణి ప్రకటించియుండుటచే ఆంగ్ల ప్రభుత్వము వివాహముల జోలికి పోవుటకు జంకుచుండెను.

ఇట్టి సభలో ఒక ప్రభువు చేతనైనదెంత? ఆయనకు వెనుకదన్నుగా ఓటర్లు లేరు; ఊరూర ప్రచారము చేయు సంఘమును లేదు. ఎదుట ఛాందస వర్గముల అభ్యంతరము కలదు; పైన ప్రభుత్వపు జంకు కలదు. బిల్లు చట్టము కాలేదు. ప్రజలెన్నుకొన్నవాడు కానందున, ప్రజలలో ఉద్యమము లేవనెత్తు మార్గమును ఆయనకు తెరచియుండలేదు. పద్మనాభము యుద్ధభూమిలో ముత్తాత ఆయుధము ఓడినట్లే, ఫోర్టు సెయింటు జార్జి సభామందిరములో మునిమనుమని ప్రతిపాదనము ఓడినది.

ఈ విధముగా ముగిసిన బిల్లులు చరిత్రలో పెక్కులు కలవు. వానిని ఎవరును తలపరు. ఈ బిల్లు మాత్రము మరుగున పడలేదు. సభలో నెగ్గని మాట నాటకశాలలో నెగ్గుటయే దానికి కారణము.

చట్టము కానిది నాటకమయ్యెను

గురజాడ అప్పారావు మహారాజుకంటె పండ్రెండేండ్లు చిన్నవాడు. బి.ఏ. పట్టము పొంది, కొంతకాలము డిప్యూటీ కలెక్టరు కచ్చేరీలో గుమాస్తా పని చేసి, 1887లో మహారాజా కళాశాలలో ఉపన్యాసకుడయ్యెను. ఆనంద గజపతి పేర వెలసిన వాదసభకు ఉపాధ్యక్షుడయ్యెను. 1891లో సంస్థానపు శాసన పరిశోధకుడుగా నియమితుడయ్యెను. ప్రభువునకును పండితునకును నడుమ యజమాని సేవకుల దూరము తగ్గి సాహిత్య మైత్రి పెరిగినది. ఆరోగ్యము అంతంతమాత్రమైన ఆ సన్నని యువకునిలోని ప్రతిభను మహారాజు గుర్తించెను.

మహారాజు తీయించిన జాబితా గురజాడకు చేరినది. ఆ అంకెలలో ఆయనకు మనుష్యులు కనిపించిరి. కూతుండ్రను అమ్ముకొను అగ్నిహోత్రావధాన్లు, కొనజూచు లుబ్ధావధాన్లు, నడుమ తైలము పిండుకొను రామప్ప పంతులు, సంస్కరణ కబుర్లు చెప్పుచు తన పబ్బము గడుపుకొను గిరీశము, వీరందరికంటె మనసున్న మధురవాణి పుట్టుకొనివచ్చిరి. 1892లో విజయనగరములో జగన్నాథ విలాసినీ సభవారు కన్యాశుల్కమును ప్రదర్శించిరి. జనులు నవ్విరి. నవ్వుచు తమ ఇండ్లలోని మాటలనే రంగముపై వినిరి. వాడుకభాష నాటకమునకు పనికిరాదను వాదమునకు ఆ నవ్వే సమాధానమయ్యెను.

ఇందు ఒక సూక్ష్మమును పరిశీలింపదగును. కన్యాశుల్కము సంస్కర్తలను స్తుతించు నాటకము కాదు. సంస్కరణము పేర మోసము చేయువానిని అందు గురజాడ ఎంత పదునుగా ఎగతాళి చేసెనో, ఆచారము పేర పిల్లల నమ్ముకొనువానిని అంతే పదునుగా చేసెను. న్యాయస్థానములును, వకీళ్లును, సాక్ష్యములును నవ్వుపాలైనవి. చట్టమొక్కటే మనుష్యులను మార్చజాలదను ఎరుక ఆ నాటకమునందంతటను కలదు. చట్టమునకై ప్రయత్నించి విఫలుడైన ప్రభువునకే ఆ గ్రంథము అంకితమగుటలో ఔచిత్యము ఇంతయని చెప్పతరము కాదు. ఆయన తీయించిన లెక్కలను కవి తన పీఠికలో పొందుపరచెను. ఆ జాబితా ప్రతి యేదియైనను ఏమైనను, ఆ అంకెలు మాత్రము ఆ పీఠికతోపాటు తెలుగు విద్యార్థులందరికి చేరినవి.

1897 జనవరిలో కన్యాశుల్కము అచ్చయి వెలువడినది. ఆ యేడే మే 23వ తేదీన ఆనంద గజపతి పరమపదించెను. అప్పటికి ఆయనకు నలుబదియారేండ్లు. అంకితము వెలువడిన తరువాత ఆయన జీవించినది నాలుగైదు నెలలు మాత్రమే. అదే నాటకమును కవి పెంచి, దాదాపు క్రొత్తగా వ్రాసి, 1909లో రెండవసారి ప్రకటించెను. ఐదంకములది ఏడంకములయ్యెను. నేడు తెలుగువారు చదువునది ఆ రెండవ రూపము. దానిని చూచుటకు ఆ ప్రభువు లేడు.

ఆ తరువాత

ఆనంద గజపతికి సంతానము లేదు. తల్లి అలక రాజేశ్వరీదేవి దత్తత స్వీకరించి విజయరామ గజపతిని వారసుని చేసెను. దాయాదులు ఆ దత్తతపై వ్యాజ్యము తెచ్చిరి. ఏండ్ల తరబడి సాగిన ఆ వివాదములో రీవా మహారాణియగు సోదరి అప్పలకొండయాంబకు కార్యదర్శిగా నిలిచి పాటుపడినవాడు గురజాడయే. కవిత్వమునకు వినియోగపడవలసిన కాలములో కొంత భాగము వ్యాజ్యపు కాగితములపాలైనది. ప్రభువు చూపిన ఆదరమునకు కవి చెల్లించిన ఋణమది. ఆ వ్యాజ్యము చివరకు రాజీతో ముగిసినది. 1915లో గురజాడయు కన్నుమూసెను.

సంస్థానపు విద్యాభిమానము మాత్రము ఆగలేదు. 1919లో విజయనగరములో సంగీత కళాశాల వెలసినది. దానికి తొలి అధ్యక్షుడు ఆదిభట్ల నారాయణదాసు. 1948 నాటి ఎస్టేట్ల రద్దు చట్టముతో జమీందారీలు అంతరించినవి. 1958లో ఆ వంశీయుడు పి.వి.జి. రాజు మాన్సాస్ అను ధర్మసంస్థను స్థాపించి విద్యాసంస్థలను దాని క్రిందికి తెచ్చెను. ఒకనాడు పేష్కషు బకాయికై కుంఫిణీ సేనలు చుట్టుముట్టిన కోటలో పిమ్మట విద్యార్థుల గొంతులు వినవచ్చినవి.

కన్యాశుల్కమో? అది కాలక్రమమున తానే తగ్గినది. ఆంగ్ల విద్యయు, సర్కారు కొలువులును వచ్చి వరునికి వెల పెరిగినది. కన్యను అమ్మిన సమాజమే వరుని అమ్మజొచ్చెను. 1929లో శారదా చట్టము బాల్యవివాహములను నిషేధించినది. 1961లో వరకట్న నిషేధ చట్టము వచ్చినది. చట్టములు వచ్చినను కట్నములు పోలేదన్న సంగతి ప్రతి ఉపాధ్యాయునికిని, ప్రతి విద్యార్థినికిని తెలిసినదే. 1888లో ఒక ప్రభువు ఎదుర్కొన్న కష్టము ఇంకను తీరలేదు.

ఆనంద గజపతి గొప్పతనమును తూచునపుడు అతిశయోక్తి పనికిరాదు. ఆయన ఔదార్యమునకు రైతు చెమట మూలధనము. ఆయన లెక్క ఒక జిల్లాలో ఒక వర్ణపు ఇండ్లకే పరిమితమైనది. ఆయన బిల్లు నెగ్గలేదు. అయినను, వారసత్వముగా లభించిన అధికారము చేతిలోనుండి జారిపోవుచున్న ఆ కాలమున, ఎందరో ప్రభువులు వేటలతోను విందులతోను పొద్దుపుచ్చుచుండగా, ఆయన తన సిరిని గ్రంథములకును, తన సభాస్థానమును పసిపిల్లల పక్షమునకును వినియోగించెను. తనకంటె చక్కగా చెప్పగలవానిని గుర్తించి వానికి చోటిచ్చెను. ఆయన స్వయముగా సాధింపలేనిది, ఆయన చోటిచ్చినవాడు సాధించెను. కన్యాశుల్కమును పాఠముగా చెప్పు ఉపాధ్యాయుడు గిరీశముతో మొదలిడుటకు ముందు పీఠికలోని ఆ అంకెలను ఒకసారి తరగతిలో చదివి వినిపించుట మేలు. ఆ ముగ్గురు ఏడాది బిడ్డల పేళ్లు ఎవరికిని తెలియవు. వారు ముగ్గురని తెలియుటకు కారకుడు ఆనంద గజపతి.